కీర్తి కౌబాయికి, కూలి ఎవరికి?

అమెరికా పసులకాపరియగు కౌబాయి పేరు వినినంతనే మనవారి కన్నుల యెదుట నొక వీరుడు నిలుచును. తలపై వెడల్పు టోపి, నడుమున తుపాకి, ఎవరికిని లొంగని ఠీవి! 1971లో వచ్చిన ‘మోసగాళ్లకు మోసగాడు’ చిత్రముతో నా వేషము తెలుగు తెరకును ఎక్కినది. వినోదమును మేము నిందింపము. కాని యా వేషము మాటున దాగిన కూలివానిని గూర్చి యొక మాట చెప్పక తప్పదు.

1865లో అమెరికా అంతర్యుద్ధము ముగిసిన పిమ్మట టెక్సాసు పశువులను కాన్సాసు రైలుస్టేషనులకు తోలుటకు ఈ కాపరులు కుదిరిరి. నెలల తరబడి దుమ్ములోను వానలోను జీను మీదనే బ్రతుకు. రాత్రులందు వంతుల కాపలా. మంద బెదరి పరుగిడినచో ప్రాణభయము. జీతము నెలకు సుమారు 30 లేక 40 డాలర్లు. మంద మాత్రము యజమానిది. వీరిలో నలుగురికొకడు నల్లజాతివాడని చరిత్రకారుల యంచనా. మెక్సికో కాపరులును పెక్కురు. లాసో, రోడియో అను మాటలు సైతము వారి స్పానిష్ భాషవే. వీరి ముఖములను వెనుకటి చిత్రములెన్ని చూపినవి?

1883లో టెక్సాసు ఉత్తరభాగమున 24 మంది కాపరులు సంతకములు చేసి, నెలకు 50 డాలర్లీయనిచో మార్చి 31 తరువాత పనిచేయమనిరి. యజమానులు వారికి బదులు క్రొత్తవారిని కుదుర్చుకొనిరి. సమ్మె విఫలమయ్యెను. ఆ యేటనే, మే నెలలో, బఫెలో బిల్ అని పేరొందిన విలియం కోడీ ఒమాహా నగరమున తన ‘వైల్డ్ వెస్ట్’ ప్రదర్శన నారంభించెను. ఒకచోట కాపరికి పని పోయెను. వేరొకచోట వాని బ్రతుకు వేడుకయ్యెను! ముళ్లకంచెలును, 1886-87 నాటి ఘోరశీతకాలమును బహిరంగభూములలోని పశుపోషణను కృశింపజేసినవి. కాపరి క్షీణించిన కొలదియు కథానాయకుడు పెరిగెను. 1902లో ఓవెన్ విస్టరు నవల ‘ది వర్జీనియన్’ వానికి స్థిరరూపమిచ్చెను.

ఈ కథలు కాపరికి గౌరవమే కదా యని కొందరనవచ్చును. మేమంగీకరింపము. కూలి యడిగిన నోటిని కప్పిపుచ్చి, తుపాకి పట్టిన చేతిని మాత్రము పొగడుట గౌరవమెట్లగును? స్వేచ్ఛావీరుడని కీర్తించినంత మాత్రమున ఆకలి తీరదు. శ్రమించువానికి పొగడ్త పంచి, ఫలము తాము దాచుకొనుట యే దేశపు యజమానికైనను లాభమే.

చిత్రమును చూడుడు, ఆనందింపుడు. కాని గుఱ్ఱపు డెక్కల చప్పుడు వినినపుడు, న్యాయమైన కూలి కోరి యోడిన యా 24 మందిని కూడ స్మరింపుడు. వీరులన వారే వీరులు.