ముప్పై ఏళ్ల అప్పు, రెండేళ్ల వీసా

అమెరికాలో మిషిగన్ రాష్ట్రంలో నోవై అని ఒక ఊరుంది. డెట్రాయిట్ పక్కన, కార్ల పరిశ్రమను నమ్ముకున్న ఇంజనీర్లు చాలామంది ఉండే ఊరు. మనవాళ్లు అక్కడ వేంకటేశ్వరస్వామి గుడి కట్టుకున్నారు. 2025 జూలైలో తానా మహాసభలు జరిగింది ఆ ఊళ్లోనే. అలాంటి చోట ఇల్లు కొన్న చుట్టాల గృహప్రవేశం ఫొటోలు మన క్యాంపు రూముల్లో ఫోన్లలోకి కూడా వస్తుంటాయి. రెండంతస్తుల ఇల్లు, ముందు పచ్చగడ్డి, పక్కన రెండు కార్లు. వెనకాలే ఊర్నించి ఫోన్. "వాడు అమెరికాలో ఇల్లు కొన్నాడు, నువ్వు ఇన్నేళ్లు గల్ఫ్‌లో ఉండి ఏం చేశావు?" అని. ఆ మాట పడలేక మనవాళ్లు సెలవుకు వెళ్లినప్పుడు హోం లోన్ కాగితాల మీద సంతకం పెట్టి వస్తున్నారు.

ఫొటోలో కనిపించని లెక్క ఒకటుంది. అది నోవై ఇంటికీ ఉంది, జగిత్యాలలోనో కడపలోనో లేస్తున్న మన స్లాబ్ ఇంటికీ ఉంది. ఈ వారం దాని గురించి రాస్తున్నాం.

ముందు నోవై లెక్కే చూద్దాం. ఒక ఇల్లు 3,75,000 డాలర్లు అనుకోండి. ఇరవై శాతం, అంటే 75 వేల డాలర్లు సొంత సొమ్ము పెట్టి, మిగతా 3 లక్షల డాలర్లు 7 శాతం వడ్డీకి 30 ఏళ్ల గడువుతో బ్యాంకులో తీసుకున్నాడు మన బావమరిది. నెల కిస్తీ 1,996 డాలర్లు. అతని జీతానికి అది పెద్ద బరువుగా కనిపించదు. కానీ 360 నెలలు కడితే మొత్తం 7,18,500 డాలర్లు. అందులో వడ్డీయే 4,18,500. అంటే తనకో ఇల్లు, బ్యాంకుకు అలాంటిదే ఇంకో ఇల్లు కొనిపెట్టి పైన కొంత చేతిలో పెట్టినట్టు.

ఇంతకన్నా తెలుసుకోవాల్సింది ఆ వడ్డీ ఏ వరసలో పోతుందన్నది. మొదటి నెల కట్టిన 1,996 డాలర్లలో వడ్డీకి పోయేది 1,750. అసలులో తగ్గేది 246. పదేళ్లు ఒక్క నెల తప్పకుండా కడితే దాదాపు 2,39,500 డాలర్లు కట్టినట్టు. అప్పటికి బాకీ ఎంతుంటుంది? ఇంకా 2,57,000 డాలర్ల పైనే. పదేళ్ల చెమటకు అసలులో తగ్గింది 43 వేల లోపు. సగం అప్పు తీరేది పదిహేనో ఏట కాదు, ఇరవై రెండో ఏట.

ఇది మనకు తెలియని సంగతేమీ కాదు. ఊళ్లో నూటికి రెండు రూపాయల మిత్తికి అప్పు తెచ్చి వీసా కొన్నవాళ్లు మనలో ఎంతమంది లేరు? ఐదు లక్షలకు నెలకు పదివేలు మిత్తి కడుతూనే ఉంటాం, అసలు కదలదు. బ్యాంకు వడ్డీ దానితో పోలిస్తే తక్కువే, 9 శాతం అంటే నూటికి ముప్పావలా. ఆ మేరకు బ్యాంకు మేలు, అందులో అనుమానం లేదు. అయితే ఇరవై ఏళ్ల అప్పులో మొదటి ఐదారేళ్లు చూస్తే బ్యాంకు దగ్గరా కథ అంత దూరం పోదు. షావుకారు దగ్గర అసలు కదలదని మనకు తెలుసు. బ్యాంకు దగ్గర కదులుతోందని అనుకుంటాం. కిస్తీలో రెండూ కలిపి కట్టించుకుంటారు కాబట్టి తేడా తెలియదు.

మన రూపాయల్లో చూద్దాం. 20 లక్షలు, 9 శాతం, 20 ఏళ్లు. కిస్తీ 17,995 రూపాయలు. మొదటి నెలలో 15,000 వడ్డీకి, 2,995 అసలుకు. ఐదేళ్లు కడితే కట్టింది 10 లక్షల 80 వేలు. మిగిలిన బాకీ 17 లక్షల 74 వేలు. ఐదేళ్లంటే మనకు ఏమిటి? రెండు అగ్రిమెంట్లు, మూడోది సగం. అన్ని ఎండల్లో స్కాఫోల్డింగ్ మీద నిలబడితే అప్పులో తగ్గింది రెండు లక్షల పాతిక వేలు. ఇరవై ఏళ్లూ కడితే 43 లక్షలు దాటుతుంది.

మా అభిప్రాయం సూటిగా చెబుతాం. అప్పు మంచిదా చెడ్డదా అనే చర్చ మాకు పట్టదు. ఇల్లు కావాలి, చేతిలో మొత్తం డబ్బు ఉండదు, అప్పు తప్పదు. అయితే ఆ అప్పు కాలాన్ని మన వీసా కాలం పక్కన పెట్టి చూడాలి. రెండేళ్లకోసారి రెన్యువల్ అయ్యే మనిషి ఇరవై ఏళ్లకు మాట ఇస్తున్నాడు. పైగా సంపాదన ఖాయంగా ఉండే మొదటి ఏళ్ల డబ్బంతా వడ్డీకి పోతోంది. అసలు తీరాల్సిన రోజులు వచ్చేసరికి ఒంట్లో సత్తువ ఉంటుందో లేదో, కంపెనీ ఉంటుందో లేదో.

నోవైలో ఉన్నవాడికి ఈ బాధ లేదనుకోకండి. హెచ్-1బి వీసా మీద ఉన్న ఇంజనీరు ఉద్యోగం పోతే, 2017 నుంచి అమల్లోకి వచ్చిన నిబంధన ప్రకారం 60 రోజుల దాకా గడువు ఉంటుంది. ఆ లోపు ఇంకో కంపెనీ దొరకాలి, లేదా ఇంకో దారి చూసుకోవాలి, లేదా సామాను సర్దుకోవాలి. గ్రీన్ కార్డు కోసం ఏళ్లకేళ్లు ఎదురుచూస్తూ అలాంటి వీసా మీదే ఇళ్లు కొన్నవాళ్లున్నారు. 2009లో క్రైస్లర్, జనరల్ మోటార్స్ రెండూ నెల తేడాలో దివాలా కోర్టుకు వెళ్లాయి. డెట్రాయిట్ చుట్టుపక్కల ఇళ్ల ధరలు కుప్పకూలాయి. ఇల్లు అమ్మినా బాకీ తీరని స్థితిలో ఎందరో పడ్డారు. మనవాళ్లకు ఇలాంటి రోజులు 2016లో సౌదీలో వచ్చాయి, పెద్ద పెద్ద నిర్మాణ కంపెనీలు నెలల తరబడి జీతాలు ఆపేసినప్పుడు. మళ్లీ 2020లో, వందే భారత్ విమానాల్లో ఉత్త చేతులతో తిరిగి వెళ్లినప్పుడు. కంపెనీ జీతం ఆపుతుంది. బ్యాంకు కిస్తీ ఆపదు.

ఒక్క విషయంలో మాత్రం నోవై బావమరిది మనకన్నా అదృష్టవంతుడు. అక్కడ ముప్పై ఏళ్ల అప్పుల్లో ఎక్కువ భాగానికి వడ్డీ శాతం మొదట్లో ఎంతో చివరిదాకా అంతే. 2021 జనవరిలో అక్కడ సగటు వడ్డీ 2.65 శాతానికి దిగింది. 2023 అక్టోబరులో 7.79 శాతానికి ఎక్కింది. 2021లో తీసుకున్నవాడికి 3 లక్షల డాలర్ల మీద ముప్పై ఏళ్ల వడ్డీ 1,35,000 డాలర్ల దగ్గర ఆగుతుంది. 7 శాతానికి తీసుకున్న పక్కింటాయనకు 4,18,500. ఒకే వీధి, ఒకేలాంటి ఇల్లు. ఫొటోలో ఇద్దరూ ఒకేలా నవ్వుతుంటారు.

మన దగ్గర హోం లోన్లు చాలావరకు ఫ్లోటింగ్. రిజర్వు బ్యాంకు రెపో రేటు పెంచితే మన వడ్డీ పెరుగుతుంది, తగ్గిస్తే తగ్గుతుంది. 2022 మే మొదట్లో 4 శాతం ఉన్న రెపో 2023 ఫిబ్రవరికి 6.5 శాతానికి వెళ్లింది. ఏడాది తిరగకుండా రెండున్నర శాతం. అదేమంత అంటారా? 7 శాతానికి 20 లక్షలు, 20 ఏళ్లకు తీసుకుంటే కిస్తీ 15,506. వడ్డీ 9.5 శాతానికి పెరిగితే, 20 లక్షల బాకీ మీద ఒక్క నెల వడ్డీయే 15,833. కిస్తీ మొత్తం వడ్డీకి కూడా చాలదు! కిస్తీ పెంచకపోతే అప్పు తీరడం అటుంచి పెరుగుతుంది. చాలామందికి బ్యాంకులు కిస్తీ అలాగే ఉంచి గడువు సాగదీశాయి. ఇంటి దగ్గర భార్యకో తమ్ముడికో ఫోన్‌లో ఒక మెసేజ్ వచ్చి ఉంటుంది, అంతే. కిస్తీ మారలేదు కాబట్టి ఏమీ కాలేదనుకున్నారు. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు దీని మీద ఉత్తర్వు ఇచ్చింది. వడ్డీ మారేటప్పుడు కిస్తీ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అన్నది అప్పు తీసుకున్నవాడికి వదలాలి. మీకు ఆ అవకాశం ఇచ్చారా? అడిగి తెలుసుకోండి. 2025లో రెపో మళ్లీ తగ్గింది. ఆ తగ్గుదల మీ అప్పులోకి వచ్చిందా అన్నదీ అడగాల్సిందే. పెంచినంత చురుగ్గా తగ్గించరన్న మాట ఊరికే పుట్టలేదు.

కిస్తీతో పోని ఖర్చు వేరే ఉంది. నోవైలో ఇంటి పన్ను సంగతి వింటే మనకు ఆశ్చర్యం కలుగుతుంది. మిషిగన్‌లో 1994లో ప్రజలు ఓటేసి తెచ్చుకున్న పద్ధతి ప్రకారం, ఒకరి చేతిలో ఇల్లు ఉన్నంతకాలం పన్ను వేసే విలువ ఏటా 5 శాతానికో, ధరల పెరుగుదలకో, రెంటిలో ఏది తక్కువైతే దానికి మించి పెరగదు. ఇల్లు చేతులు మారిందా, మరుసటి ఏడు ఆ కట్టు తెగిపోయి పన్ను ఇప్పటి ధరను బట్టి లెక్కవుతుంది. ఇరవై ఏళ్లుగా ఉన్న ముసలాయన కట్టిన పన్ను చూసి కొన్నవాడికి రెండో ఏట గుండె ఝల్లుమంటుంది. పన్ను, ఇంటి బీమా కిస్తీతో కలిపి కట్టించుకునే చోట నెలకు కట్టేది ఒక్కసారిగా పెరుగుతుంది. అప్పు తీరిపోయినా ఆ పన్ను మాత్రం తీరదు. మంచు ఊరు కాబట్టి ఇల్లు వెచ్చబెట్టుకునే యంత్రం, పైకప్పు, ఇవన్నీ ఇంకో పద్దు. మన ఇంటికి అంత పన్ను లేదు గానీ ప్రాసెసింగ్ ఫీజు, రిజిస్ట్రేషన్, లోన్‌తో అంటగట్టే బీమా, సగంలో పెరిగే సిమెంటు, ఇనుము ధర ఉన్నాయి. ఇల్లు పూర్తయ్యాక అందులో ఉండేది ఎవరు? అమ్మా నాన్నా, ఒక తాళం. ఈ ప్రశ్న వేసుకోకుండా మూడో అంతస్తు లేపుతున్నవాళ్లను చూస్తే మాకు కోపం రాదు, జాలేస్తుంది.

ఇక చేయగలిగినవి. ఫ్లోటింగ్ వడ్డీ మీద వ్యక్తులు తీసుకున్న హోం లోన్‌ను ముందుగా తీర్చేస్తే బ్యాంకు జరిమానా వేయకూడదని రిజర్వు బ్యాంకు 2012లోనే చెప్పింది. చాలామందికి ఈ సంగతి తెలియక బోనస్ డబ్బుతో బండి కొంటున్నారు. పైన చెప్పిన 20 లక్షల అప్పుకే నెలకు 5,000 రూపాయలు ఎక్కువ కట్టి చూడండి. అది సుమారు రెండు వందల దిర్హాములు, కొన్ని రోజుల ఓవర్‌టైం. ఇరవై ఏళ్ల అప్పు పన్నెండేళ్ల లోపే తీరుతుంది. వడ్డీలో పది లక్షలకు పైగా మిగులుతుంది. ఎక్కువ కట్టిన డబ్బు అసలులో తగ్గించమని, గడువు తగ్గించమని రాసి ఇవ్వాలి. మొదటి ఏళ్లలో కట్టిన వెయ్యి పదిహేనో ఏట కట్టిన వెయ్యికన్నా చాలా ఎక్కువ పని చేస్తుంది.

కొత్తగా తీసుకునేవాళ్లు ఏజెంటుతో "కిస్తీ ఎంత" అని మొదలుపెట్టకండి. "మొత్తం ఎంత కడతాను, ఐదేళ్లకు బాకీ ఎంత ఉంటుంది" అని అడగండి. అమెరికాలో ఇంటి అప్పు తీసుకునేవాడికి మొత్తం కట్టబోయేదెంతో అంకె వేసిన కాగితం చేతికివ్వడం చట్టం. మన దగ్గరా 2024 అక్టోబరు 1 నుంచి కొత్త అప్పులకు కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అనే కాగితం ఇవ్వాలి. అన్ని ఖర్చులూ కలిపి ఏడాదికి నిజంగా పడే వడ్డీ శాతం, ఏ నెల ఎంత అసలు, ఎంత వడ్డీ అన్న పట్టిక అందులో ఉండాలి. తీసుకునేవాడికి అర్థమయ్యే భాషలో ఉండాలి. తెలుగులో కావాలని అడిగే హక్కు మీకుంది. సంతకం చేసేది ఇక్కడినుంచి పవర్ ఆఫ్ అటార్నీ తీసుకున్న తమ్ముడో బావో అయితే, ఆ కాగితం ఫొటో తీసి పంపమనండి. చదివాకే సంతకమని చెప్పండి.

ఇప్పటికే కడుతున్నవాళ్లు ఈ శుక్రవారం ఇంటికి ఫోన్ చేసినప్పుడు బ్యాంకు నుంచి లోన్ స్టేట్‌మెంట్ తెప్పించమనండి. అందులో మిగిలిన అసలు, మిగిలిన నెలలు అని రెండు అంకెలుంటాయి. ఆ నెలల పక్కన మీ అఖామా చివరి తేదీ రాసుకోండి. తర్వాత ఎంత ఎక్కువ కట్టగలరో ఇంట్లోవాళ్లతో కూర్చుని మాట్లాడుకోండి.