రేకు కోసే కూలీ పేరు ఏ పుస్తకంలో ఉంది?

బైలదిల్లా కొండలలో 1968లో ఇనుప ఖనిజం తవ్వకం ప్రారంభమైన నాటినుండి కొత్తవలస–కిరండూల్ రైలుమార్గం వెంబడి ఎందరో తెలుగు కార్మికులు బస్తరుకు తరలివచ్చి కాపురాలు ఏర్పరచుకున్నారు. క్వార్టర్లకు నోచుకోనివారు తొలుత నాటు పెంకులు కప్పుకున్నారు. కోతులూ గాలివానలూ వాటిని నిలవనీయకపోగా సిమెంటు రేకులకు మారారు. ఆ రేకులో ఆస్బెస్టాస్ అనే రాతినార సుమారు పదింట ఒక వంతు ఉంటుందని కొన్నవారిలో ఎందరికి తెలుసు?

రేకు చెక్కుచెదరనంతకాలం ఆ నార సిమెంటులో బందీగానే ఉంటుంది. కోసినపుడు, బెజ్జం వేసినపుడు, విరిచినపుడు కంటికి కనబడని ధూళియై ఊపిరితిత్తులలో తిష్ఠవేస్తుంది. ఈ నారలో క్యాన్సరు కలిగించని రకమంటూ లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ నిర్ధారించింది. వ్యాధి బయటపడేది ఇరవై, ముప్పయి ఏళ్లకు. అప్పటికి ఆ కాంట్రాక్టరు ఎక్కడుంటాడో!

ఆస్బెస్టాస్ లేని రేకులు కూడా బజారులో ఉన్నాయి, కాని రెండింటిదీ బూడిద రంగే. తేల్చగలిగేది ప్రయోగశాల ఒక్కటే. అది అందుబాటులో లేనిచోట పాత రేకు నెల్లా ఆస్బెస్టాస్ గానే భావించడం క్షేమం.

ఇంటికప్పు పీకి పారవేయమని పేదవానికి చెప్పడం మా ఉద్దేశం కాదు. బాగున్న రేకును కదపకపోవడమే మేలు. తీయక తప్పనపుడు నీటితో బాగా తడిపి, బోల్టులు విప్పి, విరగకుండా దింపాలి. రాలిన పొడిని చీపురుతో ఊడ్వక తడిగుడ్డతో ఎత్తాలి. ముఖానికి చుట్టిన తువ్వాలు ఈ ధూళిని ఆపదు. తగిన వడపోత గల మాస్కు కావాలి. పనిబట్టలు పిల్లల బట్టలతో కలిపి ఉతకరాదు. విరిగిన ముక్కలను దారి గుంతలలో పోసి తొక్కే అలవాటు అన్నిటికన్నా ప్రమాదకరం. వాటిని తడిపి, మందపాటి ప్లాస్టిక్ సంచులలో మూటకట్టి వేరుగా ఉంచాలి.

ఆస్బెస్టాస్ పరిశ్రమలోని ప్రతి కార్మికుని ఆరోగ్య వివరాలను ఉద్యోగం మొదలైన నాటినుండి కనీసం 40 ఏళ్లు, లేదా ఉద్యోగం ముగిసిన పిదప 15 ఏళ్లు, ఏది తరువాతదైతే అంతవరకు భద్రపరచాలని 1995 జనవరి 27న సుప్రీంకోర్టు ఆదేశించింది. మంచిదే. కాని పూటకూలికి కప్పులెక్కే ఆదివాసీ యువకునికి ఉద్యోగం మొదలైన తేదీ ఏది? 1986 నాటి అంతర్జాతీయ కార్మిక సంస్థ ఆస్బెస్టాస్ ఒడంబడికను సైతం మన ప్రభుత్వం ఆమోదించలేదు.

కనుక కప్పు పని ఒప్పుకునే ప్రతి కాంట్రాక్టరు నీరు, మాస్కు, పనిబట్టల ఖర్చు తానే భరించాలనీ, పనిచేసినవారి పేర్లు, తేదీలు నమోదు చేసి ప్రతిని యూనియనుకు ఇవ్వాలనీ మేము కోరుతున్నాము. ఈ రెండు కోర్కెలూ వచ్చే కూలి ఒప్పందంలోనే చేరాలి.