ఖాళీ కుర్చీల దర్శనం

స్టేడియం టూర్ల మీద యాత్రావ్యాసాలు రాయడం ఇక ఆపేయమని మనవి. మర్యాదకి మనవి అంటున్నాను గానీ, ఈ రకం రాతలు చదివీ చదివీ నాకు విసుగెత్తిపోయింది.

నమూనా ఎప్పుడూ ఒకటే. రచయిత నాలాంటి సాఫ్ట్‌వేర్ వాడే అయ్యుంటాడు. ఆన్‌సైట్ మీద లండనో మాంచెస్టరో వెళ్తాడు. ఆదివారం పొద్దున టూర్ టికెట్ కొంటాడు. చెవులకి ఆడియో గైడ్ తగిలిస్తారు. డ్రెస్సింగ్ రూములో వరసగా వేలాడదీసిన జెర్సీలు, మేనేజర్ కూర్చునే కుర్చీ, గడ్డి తొక్కొద్దని బోర్డు, అద్దాల బీరువాలో కప్పులు, చివర్లో షాపు. ఆ షాపులోంచి తప్ప బయటికి దారి ఉండదు. ఇంటికొచ్చి రాస్తాడు: ఒళ్లు గగుర్పొడిచిందని, గర్భగుడిలో అడుగుపెట్టినట్టుందని. వ్యాసం మొత్తంలో ఒక్కడూ బంతిని తన్నడు.

ఆ గర్భగుడి పోలికతోనే నా మొదటి పేచీ. తలుపులు మూసినా గుడిలో దేవుడున్నాడని భక్తుడి నమ్మకం. ఆట లేని రోజు స్టేడియంలో ఎవరుంటారు? పెళ్లి లేని రోజు కల్యాణమండపానికి వెళ్లి, ఒకదాని మీద ఒకటి పేర్చిన కుర్చీలు చూసి వచ్చి, పెళ్లి అద్భుతంగా జరిగిందని రాస్తే ఎలా ఉంటుంది? మా బెజవాడ వాళ్లకి ఇంకా తేలిగ్గా అర్థమవుతుంది. 2016 పుష్కరాలకి కట్టిన ఘాట్లున్నాయి కదా. ఆ పన్నెండు రోజులూ ఇసకేస్తే రాలనంత జనం. పదమూడో రోజు నుంచీ అవి వట్టి మెట్లు.

నేను లండన్‌లో ఏడాదిన్నర ఉన్నాను, ఈస్ట్ హామ్‌లో. అక్కడ ఉన్నవాళ్లకి చెప్పక్కర్లేదు, ఇడ్లీ దోసెలకి, అద్దెకి గదులకి మన వాళ్లంతా చేరే పేట. అక్కడి నుంచి నడిచి వెళ్లే దూరంలో అప్టన్ పార్క్ ఉండేది. 1904 నుంచి 2016 దాకా వెస్ట్ హామ్ క్లబ్ ఆడిన చోటు. చివరి ఆటలో మాంచెస్టర్ యునైటెడ్‌ని 3-2తో ఓడించి క్లబ్ ఒలింపిక్ స్టేడియానికి మారిపోయింది. పాత స్టేడియం కూలగొట్టి అపార్ట్‌మెంట్లు కట్టారు. మా గదిలో ఉన్న నలుగురిలో ముగ్గురు ఊరికి అటు చివర ఆర్సెనల్ టూర్‌కి వెళ్లొచ్చారు. పక్క వీధిలో నూట పన్నెండేళ్లు ఏం జరిగిందో ఒక్కరూ అడగలేదు. అక్కడ టికెట్ లేదుగా, చూడటానికి ఏముందని.

ఇంకో సంగతి. శనివారం రాత్రి ఏడున్నరకో ఎనిమిదిన్నరకో పటమటలో మా డాబా మీద కూర్చుని ఫోన్‌లో చూసే ఇంగ్లీషు లీగు ఆట లండన్‌లో ఉన్నవాడికి టీవీలో రాదు. అక్కడ అది మధ్యాహ్నం మూడు గంటల ఆట. శనివారం 2:45 నుంచి 5:15 దాకా ఫుట్‌బాల్ ప్రత్యక్ష ప్రసారం ఉండకూడదని 1960ల నుంచీ వాళ్లకో కట్టుబాటు. పెద్ద జట్ల ఆట టీవీలో వేస్తే చిన్న క్లబ్బుల మైదానాలకి జనం రారన్న భయం. అందువల్ల మూడో అంచె, నాలుగో అంచె, ఇంకా కింది అంచెల క్లబ్బులు కూడా బతికి బట్టకడుతున్నాయి. మనకి ఆ అడ్డు లేదు. ప్రపంచంలో ఆటలన్నీ మన చేతిలోనే, పక్క మైదానంలో ఆట తప్ప.

లండన్‌లో చూడాల్సిన స్టేడియం ఒక్కటే చెప్పమంటే ప్లౌ లేన్ అంటాను. తొమ్మిది వేల మంది పట్టే చిన్నది. దాని కథ కొంచెం ఓపిగ్గా వినండి. 1889లో పుట్టిన వింబుల్డన్ క్లబ్ 1988లో లివర్‌పూల్‌ని ఓడించి ఎఫ్ఏ కప్పు గెలిచింది. 1991లో సొంత మైదానం వదిలి వేరే క్లబ్ స్టేడియంలో తలదాచుకుంది. 2001లో యజమానులు క్లబ్బుని తొంభై కిలోమీటర్ల అవతల మిల్టన్ కీన్స్ అనే ఊరికి తరలిస్తామన్నారు. 2002లో అధికారులు సరే అన్నారు. అభిమానులు ఏం చేశారు? తరలించుకుపొమ్మని వదిలేసి, సొంతంగా ఏఎఫ్‌సీ వింబుల్డన్ అని కొత్త క్లబ్ పెట్టారు. ఆడగలిగినవాళ్లు రమ్మని ఊరి పార్కులో సెలెక్షన్లు పెట్టారు. తొమ్మిదో అంచెలో మొదలుపెట్టి 2011కల్లా నాలుగో అంచెకి ఎక్కారు. 2020 నవంబరులో, పాత మైదానానికి కూతవేటు దూరంలో కట్టుకున్న కొత్త స్టేడియానికి తిరిగొచ్చారు. కోవిడ్ రోజులు, మొదటి ఆటకి జనాన్ని రానివ్వలేదు. ఖాళీ కుర్చీలు చూసి ఒళ్లు గగుర్పొడిచే హక్కు ఎవరికైనా ఉందంటే వాళ్లకి ఉంది.

మా సాఫ్ట్‌వేర్ భాషలో దీన్ని ఫోర్క్ చేయడం అంటారు. ప్రాజెక్టుని యజమాని నచ్చని దారి పట్టిస్తే, కోడ్ కాపీ తీసుకుని పక్కకొచ్చి మన దారిన మనం నడుపుకోవడం. అయితే ఫోర్క్ చేయాలంటే చేతిలో కోడ్ అంటూ ఉండాలి. వాళ్ల చేతిలో ఉన్న కోడ్ జ్ఞాపకం. ఎవరు ఎప్పుడు ఏ మూల నుంచి గోలు కొట్టారో తాత మనవడికి చెప్పగలిగిన జ్ఞాపకం.

ఇప్పుడు మన దగ్గరికి రండి. 2025 అక్టోబరులో హైదరాబాద్ ఎఫ్‌సీ ఢిల్లీకి వెళ్లిపోయింది, పేరు కూడా స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీగా మారిపోయింది. 2021-22లో ఐఎస్ఎల్ ఛాంపియన్ అయిన జట్టు అది. గోవాలో జరిగిన ఫైనల్లో కేరళ బ్లాస్టర్స్‌తో పెనాల్టీల దాకా వెళ్తే గోల్‌కీపర్ కట్టిమణి మూడు ఆపాడు. కోవిడ్ వల్ల ఆ సీజన్ మొత్తం గోవాలోనే ఆడారు. అంటే మన ఊరి పేరుతో గెలిచిన ఆ కప్పు కోసం మన ఊళ్లో ఒక్క ఆటా ఆడలేదు. అసలు ఆ క్లబ్ ఎక్కడిది? 2019లో పుణె జట్టు మూతపడితే ఆ ఖాళీలో పుట్టింది. అప్పుడు పుణె అభిమానుల సంగతేంటని మనలో ఎవరం అడిగాం? ఫ్రాంచైజీ అంటే అద్దె ఇల్లు. సామాను సర్దుకుని వెళ్లిపోతే వీధిలో వాళ్లకి చెప్పాల్సిన పని లేదు. డెక్కన్ లెజియన్ అని ఆ జట్టుకో అభిమాన బృందం ఉండేది. గొంతులు పోయేలా అరిచినవాళ్లు, వాళ్లని అనడానికి నాకు నోరు రాదు. నేను అనేది రాసేవాళ్లని.

ఎందుకంటే హైదరాబాద్ చేతిలో జ్ఞాపకం లేక కాదు. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదేళ్లు రోవర్స్ కప్పు గెలిచింది. ఆ జట్టుని తయారుచేసిన సయ్యద్ అబ్దుల్ రహీం బడిపంతులు. ఆయన శిక్షణలోనే భారత జట్టు 1951, 1962 ఏషియన్ గేమ్స్‌లో బంగారు పతకాలు తెచ్చింది, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. జకార్తా ఫైనల్ అయిన తొమ్మిది నెలలకి ఆయన కేన్సర్‌తో పోయాడు. 2024లో ఆయన మీద మైదాన్ అని సినిమా వచ్చింది, హిందీలో, అజయ్ దేవగణ్‌తో. ఆటని సాహిత్యంగా చూసిన బెంగాలీలో మోతీ నందీ యాభై ఏళ్ల కిందటే స్ట్రైకర్, స్టాపర్ అని నవలలు రాశాడు. మనకేమో ఆ ఆటగాళ్లు పాతబస్తీ వాళ్లు, బార్కాస్ వాళ్లు, సికింద్రాబాద్ కంటోన్మెంట్ వాళ్లు. ఇంట్లో ఉర్దూనో తమిళమో మాట్లాడేవాళ్లు. అందుకని తెలుగు పాఠకుడి లెక్కలో వాళ్లు పొరుగువాళ్లే అయిపోయారు. ఈ మాట చాలామందికి నచ్చదని తెలుసు.

వాళ్లు ఆడిన ఫతే మైదాన్‌కే 1967లో లాల్ బహదూర్ స్టేడియం అని పేరు పెట్టారు. ఇప్పుడు దాన్ని తలుచుకుంటే ఏం గుర్తొస్తుంది? 1983 జనవరి 9న ఎన్టీఆర్ ప్రమాణ స్వీకారం. 2023 డిసెంబరు 7న రేవంత్ రెడ్డి ప్రమాణ స్వీకారం. మా ఊళ్లో బందరు రోడ్డు మీద ఇందిరాగాంధీ స్టేడియం అంటే 2019 మే 30, జగన్ ప్రమాణ స్వీకారం. మన స్టేడియాల చరిత్ర రాయడానికి స్కోరుబోర్డులు అక్కర్లేదు, శాసనసభ రికార్డులు చాలు.

2024 నవంబరు 18న గచ్చిబౌలిలో భారత్, మలేసియా ఆట ఉందంటే సెలవు పెట్టి బెజవాడలో పొద్దున్నే బస్సెక్కాను. ఆ స్టేడియానికి బాలయోగి పేరు. మా కైకలూరు దగ్గర చేపల చెరువులో హెలికాప్టర్ కూలి 2002 మార్చిలో చనిపోయిన లోక్‌సభ స్పీకరు ఆయన. చుట్టూ పరుగు పందేల ట్రాక్ ఉండటంతో బంతి ఎక్కడో దూరంగా దొర్లుతుంటుంది. ఆట 1-1, చెప్పుకోవాల్సినంత ఏమీ లేదు. చెప్పుకోవాల్సింది నా పక్క సీటు పెద్దాయన గురించి. మెహిదీపట్నం నుంచి మనవడితో వచ్చాడు. నాకొచ్చిన అరకొర ఉర్దూలో కదిపాను. కుర్రతనంలో హబీబ్ ఆట చూశాడట. హబీబ్ బంతి కోసం ఎలా మీద పడేవాడో చెబుతూ మోచేత్తో నా డొక్కలో పొడిచి మరీ చూపించాడు. మనవడు మాత్రం ఫోన్‌లోంచి తల ఎత్తలేదు.

ఆ మహమ్మద్ హబీబ్ 1977లో కోల్‌కతాలో పెలే ఆడిన న్యూయార్క్ కాస్మోస్ మీద మోహన్ బగాన్ తరఫున గోలు కొట్టాడు. ఆట 2-2. 2023 ఆగస్టు 15న హైదరాబాద్‌లో చనిపోయాడు. అదే ఏడాది ఫిబ్రవరిలో, సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టి రహీం జట్టులో వెలిగిన తులసీదాస్ బలరామ్ కోల్‌కతాలో పోయాడు. 2025 డిసెంబరు 13న మెస్సీ హైదరాబాద్ వచ్చాడు, క్లబ్ ఢిల్లీకి వెళ్లిపోయిన రెండు నెలలకి. తీసుకెళ్లింది ఎక్కడికి? ఉప్పల్ క్రికెట్ స్టేడియానికి. వేల రూపాయల టికెట్లు కొని జనం వెళ్లారు. ఫలక్‌నుమాలో ఆయనతో ఒక్క ఫోటోకి పది లక్షల దగ్గర రేటు పెట్టారని పత్రికలన్నీ రాశాయి. మెస్సీ మీద నాకేం కోపం లేదు, ఆయన ఎడమ కాలు చూసే నేనూ పెద్దవాణ్ణయ్యాను. కానీ అదీ స్టేడియం టూరే. ఈసారి కుర్చీలు నిండాయి, అసలైన ఆటే లేదు.

ఆంధ్రావాడివి, హైదరాబాద్ క్లబ్ ఎటు పోతే నీకేంటి అని ఒక మిత్రుడు అడిగాడు. ఇంటర్ రెండేళ్లూ గ్రౌండు లేని కాలేజీలో, అపార్ట్‌మెంటు బిల్డింగులో చదివాను. బెజవాడలో నా వయసు వాళ్లు చాలామంది అంతే. ఆదివారం మూడు గంటలు వదిలితే హైస్కూలు గ్రౌండుకి పరిగెత్తేవాళ్లం, అక్కడ ఏదో ఒక ఎగ్జిబిషనో సభో ఉండేది. నాకు సొంత మైదానం లేదు కాబట్టే పక్కవాడి మైదానం పోతే నొప్పి తెలుస్తోంది.

హైదరాబాద్ శివార్లలో, అజీజ్‌నగర్‌లో డెక్కన్ అరీనా అని ఉంది. శ్రీనిధి డెక్కన్ జట్టుది. ఆ జట్టు ఐ-లీగులో 2022-23లో, 2023-24లో వరసగా రెండో స్థానంలో నిలిచింది. ఆట ఉన్న రోజు అక్కడికి వెళ్లి, ఎవరు ఎలా ఆడారో, పక్కన కూర్చున్నవాళ్లు ఏమని తిట్టుకున్నారో రాసి ఈ పత్రికకి పంపండి. ఎంత వంకరటింకరగా రాసినా చదువుతాను. జెర్సీ ఎంతకి కొన్నారో మాత్రం రాయొద్దు.