కథ లేని తెర

“కథ లేదు, పాట లేదు, నాయకుఁడు లేఁడు, ఇట్టి చిత్రమేల?” యని మనలో విద్యావంతులే యడుగుచున్నారు. రేఖలను, రంగులను, వెలుఁగునీడలను మాత్రమే తెరపై నాడించు ప్రయోగచిత్రములు పిచ్చివాని గీఁతలని వారి తీర్పు. ఈ తీర్పు తొందరపాటని మేము నిస్సంశయముగాఁ జెప్పుచున్నాము.

మన ముంగిటి ముగ్గునకుఁ గథ యేది? రాగాలాపనకు సాహిత్య మేది? వాని యర్థమేమని యెవ్వరును నిలఁదీయరు. తెరకు మాత్రమే యీ కట్టుబాటేల?

కృష్ణామండలమున దీపావళినాఁడు పిల్లలు గోగుపుల్లలకు వత్తులు కట్టి వెలిగించి త్రిప్పుదురు. ఉన్నది వెలుఁగుచుక్క, కనఁబడునది చక్రము. ఈ యలాతచక్రమునే గౌడపాదులు మాండూక్యకారికలయందు దృష్టాంతముగాఁ గొనిరి. నిశ్చలమైన రెండు గీఁతలను వెంటవెంటఁ జూపినచో మనస్సు వానియందుఁ జలనమును గల్పించుకొనునని 1912లో వెర్ట్‌హైమరను మనశ్శాస్త్రజ్ఞుఁడు ప్రయోగపూర్వకముగాఁ జూపెను. సినిమా యంతయు నీ కల్పనమీఁదనే నిలిచియున్నది. సెకండునకు 24 నిశ్చలచిత్రములు తెరపైఁ బడును. కదలిక మన తలలోనిది.

కథాచిత్రము ఈ రహస్యమును దాఁచును, ప్రయోగచిత్రము బయటఁబెట్టును. 1966లో అమెరికాదేశమున టోనీ కాన్రాడ్ కేవలము నలుపు తెలుపు చట్రములతో ‘ది ఫ్లికర్’ అను చిత్రమును నిర్మించెను. ఫిలిములో లేని రంగులను జూపఱులు చూచిరి. అపస్మారము గలవారికి ఇట్టి మినుకులు హానికరములు. ఆ హెచ్చరికతోనే యాచిత్రము మొదలగును. మన దేశమునను ప్రమోద్ పతి 1968లో ‘ఎక్స్‌ప్లోరర్’ చిత్రమును ఫిల్మ్స్ డివిజను పక్షమున, అనఁగాఁ బ్రజాధనముతోనే, తీసెను. ఇది పరదేశపు వెఱ్ఱి యనువారు స్వదేశచరిత్ర నెఱుఁగరు.

“సామాన్యుల కర్థము కాదు” అనునది తుది యాక్షేపణ. విజయవాడలో మారుతీ సినిమాహాలు 1921లోనే వెలసినది. శతాబ్దము గడచినను ప్రజలకు ఒక్క వంటకమునే వడ్డించి, వారికి రెండవ రుచి తెలియదని నిందించుట న్యాయమా?

ఇందు వినోదముకంటెఁ బెద్దవిషయ మొకటి గలదు. కన్ను చూచినదెల్ల సత్యమని నమ్మువానిని విభూతి రాల్చు బాబాయు మోసగించును. చేతిఫోనులోని కృత్రిమదృశ్యమును మోసగించును. తన చూపు ఎట్లు మోసపోవునో యొకసారి యెఱిఁగినవాఁడు రెండవసారి ప్రశ్నించును. కావున ఇబ్రహీంపట్నమువంటి యూళ్ల పాఠశాలలును, గ్రంథాలయములును నెలకొక సాయంకాలము పది నిమిషముల చిత్రమొకటి చూపి, “మీరేమి చూచితిరి?” అని పిల్లల నడుగవలెను. ఇద్దఱు ఒకే సమాధానము చెప్పరు. ఆ భేదమునుండియే విచారణ పుట్టును. విచారణ లేని చదువు చదువు గాదు.