బొమ్మలపై ఐఎస్‌ఐ ముద్ర: కోర్టులో నిలిచే వాదన ఏది?

పిల్లల బొమ్మలకు భద్రతా ముద్రను తప్పనిసరి చేయడం వ్యాపార స్వేచ్ఛను హరించడమేనా? కేంద్రం 2020లో జారీ చేసిన బొమ్మల నాణ్యతా నియంత్రణ ఉత్తర్వు 2021 జనవరి 1న అమల్లోకి వచ్చింది. 14 ఏళ్లలోపు పిల్లలు ఆడుకొనే బొమ్మలకు ఐఎస్‌ఐ ముద్ర ఉండాలన్నది దాని సారాంశం.

పరీక్షల ఖర్చు చిన్న వ్యాపారులకు భారమే. అయితే 19(1)(జి) అధికరణం ప్రసాదించిన వ్యాపార హక్కుపై ప్రజాప్రయోజనం కోసం సహేతుకమైన ఆంక్షలు విధించవచ్చని 19(6) చెబుతోంది. భారతీయ ప్రమాణాల సంస్థ చట్టం-2016లోని 16వ సెక్షన్ కేంద్రానికి ఆ అధికారమిచ్చింది. కనుక అధికారమే లేదన్న వాదన నిలవడం కష్టం. ఆంక్ష సహేతుకమా, కాదా అన్నదే అసలు ప్రశ్న.

అమెరికా అనుభవమూ ఇదే. పిల్లలు మింగుతున్న చిన్న అయస్కాంత గుళికలపై అక్కడి వినియోగ వస్తువుల భద్రతా కమిషన్ 2014లో నిబంధన తెచ్చింది. జెన్ మాగ్నెట్స్ సంస్థ దానిని సవాలు చేసింది. ప్రమాదాల అంచనా, దానికి చూపిన కారణాలు అసంపూర్ణమంటూ అప్పీళ్ల కోర్టు 2016లో కొట్టివేసింది. కమిషన్ 2022లో మళ్లీ నిబంధన తెచ్చింది.

కొండపల్లి, ఏటికొప్పాక, నిర్మల్ కళాకారులకు కోర్టు గడప తొక్కే అవసరం లేకుండా 2020 డిసెంబరు సవరణ ఊరటనిచ్చింది. అయితే అది హస్తకళల అభివృద్ధి కమిషనర్ వద్ద నమోదైన కళాకారులకు, భౌగోళిక గుర్తింపు పొందిన ఉత్పత్తుల నమోదిత హక్కుదారులకు, అధీకృత వినియోగదారులకే వర్తిస్తుంది. పేరు నమోదు కాని కళాకారుడికి ఆ రక్షణ లేదు. అర్హులందరినీ జాబితాకెక్కించడమే అధికారుల తక్షణ కర్తవ్యం.