భూమి ఎక్కడుంటే దావా అక్కడే

గౌరిబిదనూరులో కాపురముండి హిందూపురం పక్కన పొలం ఉన్నవాళ్లు, అక్కడుండి ఇక్కడ సైట్లు కొన్నవాళ్లు ఈ కర్ణాటక-ఆంధ్ర సరిహద్దులో కొత్త కాదు. అప్పు మొండికేసినప్పుడే రాష్ట్రాల గీత గుర్తుకొస్తుంది. దావా ఎక్కడ వేయాలి?

తనఖా ఆస్తిని అమ్మించాలన్నా, బాకీ తీర్చి విడిపించుకోవాలన్నా సివిల్ ప్రొసీజర్ కోడ్ 16వ సెక్షన్ ఆస్తి ఉన్నచోటి కోర్టుకే పొమ్మంటుంది. అప్పిచ్చినాయన బెంగళూరులో ఉన్నా, పత్రం చింతామణిలో రాసుకున్నా లెక్కలోకి రాదు. వివాదాలన్నీ ఫలానా నగరంలోనే తేల్చుకోవాలని ఒప్పందంలో రాయించుకున్నా లేని అధికారం కోర్టుకు రాదు. గుర్‌గావ్ ప్లాటుపై ఢిల్లీలో వేసిన హర్షద్ చిమన్‌లాల్ మోదీ దావాలో సుప్రీంకోర్టు 2005లో తేల్చిందిదే. అది తనఖా కేసు కాదు, కొనుగోలు కేసు. సెక్షన్ మాత్రం అదే.

ఉత్త ప్రోనోటు సంగతి వేరు. 20వ సెక్షన్ కింద ప్రతివాది ఉండేచోటగానీ, లావాదేవీలో కొంతైనా జరిగినచోటగానీ దావా పడుతుంది. అలాగని తనఖాను పక్కనబెట్టి, దగ్గరి కోర్టులో డబ్బుకే డిక్రీ తెచ్చుకోవడం తెలివిగా కనిపించినా పని సగమే అవుతుంది. తనఖా బాకీ మీద డబ్బు డిక్రీ పొందినవాడు ఆ ఆస్తిని వేలం వేయించాలంటే ఆర్డర్ 34 రూల్ 14 ప్రకారం మళ్లీ తనఖా దావా వేయాల్సిందే. ప్రతివాది ఇతర ఆస్తులు సరిహద్దు అవతల ఉంటే, కోడ్ 39(4) సెక్షన్ వల్ల గౌరిబిదనూరు కోర్టు వాటిని జప్తు చేయలేదు. డిక్రీ హిందూపురానికి బదిలీ కావాలి. గెలిచాక మొదలయ్యే తిప్పలివి.

సహకార సంఘం అప్పయితే దారే మారుతుంది: కర్ణాటక సహకార సంఘాల 1959 చట్టం 70వ సెక్షన్ కింద రిజిస్ట్రార్ దగ్గరికి. బ్యాంకు బాకీ 20 లక్షలు, ఆపైనయితే రుణ వసూలు ట్రిబ్యునల్‌కు. కర్ణాటకకు అది బెంగళూరులో ఉంది. 2016 సవరణతో, బాకీ ఖాతా ఉన్న శాఖను బట్టి కూడా బ్యాంకు ట్రిబ్యునల్‌ను ఎంచుకోవచ్చు. ఈ వెసులుబాటు బ్యాంకు వైపే మొగ్గిందని నా అభిప్రాయం. కోర్టుకు వెళ్లకుండానే తనఖా ఆస్తిని తీసుకోనిచ్చే సర్ఫేసీ చట్టం కింద బ్యాంకు స్వాధీనానికి దిగితే సివిల్ కోర్టు తలుపు దాదాపు మూసుకున్నట్టే. ఆ చర్య జరిగిన 45 రోజుల్లో ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. ఆస్తి ఉన్న పరిధిలోని ట్రిబ్యునల్‌నే ఆశ్రయించే వీలు మాత్రం బాకీదారుకు ఆ చట్టం 17(1ఏ) సెక్షన్ ఇచ్చింది.

రైతుకు అసలు రక్ష అదే చట్టం 31(ఐ): సాగుభూమికి సర్ఫేసీ వర్తించదు. అయితే పహాణీలో పొలమని రాసి ఉన్నంత మాత్రాన చాలదని, భూమి నిజంగా సాగులో ఉందా అన్నది చూడాలని 2018లో ఇండియన్ బ్యాంక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

ఇక అభ్యంతరం ఎప్పుడు చెప్పాలన్న సంగతి. పైన చెప్పిన హర్షద్ మోదీ కేసులో ప్రతివాది మొదట ఢిల్లీ కోర్టును ఒప్పుకొని, ఏళ్ల తర్వాత అభ్యంతరం చెప్పినా చెల్లింది, వివాదం స్థిరాస్తిది కాబట్టి. డబ్బు దావాలో ఆ భరోసా లేదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 21వ సెక్షన్ ప్రకారం ఇష్యూలు (విచారణాంశాలు) ఖరారయ్యేలోపు చెప్పని అభ్యంతరాన్ని అప్పీలు కోర్టు వినదు. సమన్లు అందగానే లాయరును ముందుగా అడగాల్సింది బాకీ ఎంతని కాదు, ఈ కోర్టుకు అధికారం ఉందా అని.