సూరత్ ఒక్కటే కాదు, సీరత్ కూడా

కంప్యూటర్‌కి పాత ముఖం తొడగడం ఇప్పుడు చిటికెలో పని. ఓ థీమ్ దించుకుంటే విండోస్ 95 బూడిదరంగు బటన్లు మళ్లీ తెర మీదికొస్తాయి. అది తమాషా. హైకూ దీవానాలు చేస్తున్నది తమాషా కాదంటాను.

యాపిల్ నుంచి బయటికొచ్చిన జాన్ లూయీ గాసే పెట్టిన 'బీ' కంపెనీ తయారుచేసిన ఆపరేటింగ్ సిస్టమ్ బీఓఎస్. విండో నెత్తిన నిండు పట్టీ బదులు పసుపుపచ్చ చిన్న ట్యాబ్ ఉండేది. ఒకేసారి నాలుగు వీడియోలు నడిపినా మౌస్ తడబడేది కాదని దాని ఆషిఖులు ఇప్పటికీ మురిసిపోతారు. 1996లో యాపిల్ కొనబోయింది, బేరం కుదరక స్టీవ్ జాబ్స్ కంపెనీ నెక్స్ట్ వైపు తిరిగింది. 2001లో పామ్ సంస్థ 'బీ' ఆస్తుల్ని 1.1 కోట్ల డాలర్లకు ఖరీదు చేసింది. ఖేల్ ఖతం.

మాలిక్ దుకాణం కట్టేశాడు సరే, దాన్ని నమ్ముకుని పనులు చేసుకుంటున్నవాళ్ల హక్కు మాటేమిటి? సోర్స్ కోడ్‌లో ట్రాకర్, డెస్క్‌బార్ అనే రెండు భాగాలే 'బీ' ముందే బయటపెట్టింది. మిగతాదంతా అభిమానులు ఓపెన్‌బీఓఎస్ పేరుతో మొదటినుంచీ రాయడం మొదలుపెట్టారు. ఆ పేరు కూడా వాళ్లది కాదని పామ్ నోటీసు పంపితే 2004లో హైకూ అని పెట్టుకున్నారు. తొలి ఆల్ఫా 2009లో, తొలి బీటా 2018లో. బీటాకే పదిహేడేళ్లు! అదీ ఎక్కువగా తీరిక వేళల మెహనత్‌తో.

'ఖాళీగా ఉన్నోళ్ల శౌక్' అనేవాళ్లు వాళ్లు పెట్టుకున్న షరతు చూడాలి. పాత బీఓఎస్ ప్రోగ్రాములు అక్షరం మార్చకుండా నడవాలి. అందుకే 32-బిట్ హైకూలో కాలం చెల్లిన కంపైలర్‌ని ఇప్పటికీ మోస్తున్నారు. ఉత్త సూరత్ కోసమైతే ఇంత బరువు ఎవరు ఎత్తుకుంటారు?

అలాగని లకీర్ కే ఫకీర్లు కారు. 64-బిట్‌లో ఆ షరతు వదిలేశారు. మంచి పనే చేశారు. అన్నిటికన్నా నాకు నచ్చింది ఆ పసుపు ట్యాబుకి దొరికిన కొత్త కొలువు. ఒక విండో ట్యాబ్‌ని లాగి ఇంకోదాని ట్యాబ్ పక్కన చేరిస్తే రెండూ ఒకే కట్టగా కదులుతాయి. బీఓఎస్‌లో ఇది లేదు. పాత నకల్ దించుదామని కూర్చున్నవాళ్లు అసలులో లేనిది కనిపెట్టారన్నమాట.

నా షికాయత్ ఒక్కటే. 2024లో వచ్చింది కూడా ఐదో బీటాయే. అందుకే ఇంట్లో పిల్లలు చదువుకునే కంప్యూటర్ తుడిచేసి దీన్ని ఎక్కించమని చెప్పను. పాత ల్యాప్‌టాప్ ఏదైనా పడి ఉంటే పెన్‌డ్రైవ్ నుంచే నడిపి చూడండి, పైసా ఖర్చు లేదు.